ముద్ర మీద తేదీ

చోడవరంలో మాడుగుల వెళ్ళే రోడ్డు మీద మా ఇల్లు. అరుగు మీద కూర్చుంటే ఎదురుగా, రోడ్డు అంచున, ఎర్రటి పోస్టు డబ్బా కనిపించేది. గోడలకీ చెట్లకీ వేలాడదీసే చిన్న రేకు డబ్బా కాదు. పోత ఇనుముతో చేసినది, నా భుజం ఎత్తు ఉండేది. అడుగున నల్లరంగు, పైన టోపీ, టోపీ అంచు కింద ఉత్తరం పట్టే నోరు, దాని కింద ఒక చిన్న రేకు పలక. మళ్ళీ ఎన్ని గంటలకు ఉత్తరాలు తీస్తారో ఆ పలక మీద ఉండేది. పొద్దున తీసినప్పుడు సాయంత్రం వేళ ఉన్న పలక పెడతారు, సాయంత్రం తీసినప్పుడు మర్నాటి పొద్దుటిది పెడతారు.

ఉత్తరాలు తీయడానికి వచ్చే ఆయన్ని మా వీధి పిల్లలందరం టపా మావ అనేవాళ్ళం. అప్పటికి ఆయనకి యాభై ఉంటాయేమో. ఖాకీ చొక్కా, పాత సైకిలు, భుజాన గోనెగుడ్డ సంచి. మా అరుగు మీద కాసేపు కూర్చుని మంచినీళ్ళు తాగి గాని వెళ్ళేవాడు కాదు. ఆ డబ్బా సంగతులన్నీ నాకు చెప్పింది ఆయనే.

"ఇక్కడ చెయ్యెట్టి సూడు," అన్నాడొకసారి, నోటికి పైన ఉన్న చోటు చూపించి. తడిమితే రంగు కింద గరుకుగా తగిలింది. "అక్కడ తెల్లోల్ల రాజు కిరీటం ఉండీదట. సొతంత్రం వొచ్చేక ఉలెట్టి సెక్కించేసేరు."

మొదట్లో తెల్లవాళ్ళ సీమలో ఈ డబ్బాలకి పచ్చరంగు వేసేవారని, చెట్ల మధ్య కనపడక జనం గుద్దుకునేవారని, అందుకని ఎరుపు వేశారని కూడా ఆయనే చెప్పాడు. ఎవరు చెప్పారు మావా అంటే, తను కుర్రతనంలో పనిచేసిన పోస్టుమాస్టరు చెప్పాడన్నాడు. నోటి మీద చూరు వాన లోపల పడకుండానట. నోటి లోపల వాలుగా ఒక రేకు ఉండేది. ఉత్తరం దాని మీద పడి కిందికి జారుతుంది గాని, బయటినుంచి చెయ్యి పెట్టి తీయబోతే ఆ రేకు అడ్డు వస్తుంది. "దొంగసేతులకి అడ్డు," అనేవాడు. ఆఫీసులో కొట్టే ముద్ర గురించి కూడా చెప్పాడు. ముద్రలో ఊరి పేరు ఉంటుంది, తేదీ ఉంటుంది. ఉత్తరం ఎక్కడ పుట్టిందో, ఎప్పుడు పుట్టిందో ముద్ర చూస్తే చాలు.

సాయంత్రాలు ఆయన కింద తలుపు తీసి, వంగి ఉత్తరాలు సంచిలో వేసుకుంటుంటే, పలక నా చేతికిచ్చేవాడు. పాతది లాగి కొత్తది దూర్చేదాన్ని. అది వేరేవాళ్ళు చేయకూడని పని. నేను తొమ్మిదో తరగతి చదువుతున్నానప్పుడు. వీధిలో ఇంకెవరికీ దక్కని గౌరవం అది నాకు.

మా ఎదురింటి ముందు గదిలో ఒక టీచరమ్మ అద్దెకుండేది. ఇరవై రెండేళ్ళు ఉంటాయేమో. ప్రాథమిక పాఠశాలలో తాత్కాలికపు ఉద్యోగం. ట్రైనింగు అయిన వాళ్ళెవరైనా వస్తే ఆమె వెళ్ళిపోవలసిందే. ఈ సంగతి అప్పుడు నాకు తెలియదు. నాకు తెలిసిందల్లా ఆమె జడ, ఆమె గొంతు, తను రాసిన ఉత్తరం ఎవరి చేతికీ ఇవ్వకుండా తనే తెచ్చి డబ్బాలో వేయడం. ఎవరికి రాస్తుందో అని మా క్లాసు ఆడపిల్లలం తెగ చెప్పుకునేవాళ్ళం. అబ్బాయికే అని తేల్చేశాం.

శ్రావణంలో ఒక సోమవారం. పొద్దుటినుంచీ ముసురు. స్కూలునుంచి వచ్చి అరుగు మీద తల తుడుచుకుంటుంటే టీచరమ్మ గొడుగు వేసుకుని వచ్చి ఒక లావుపాటి కవరు డబ్బాలో వేసి, నన్ను చూసి నవ్వి వెళ్ళింది. టపా మావ రావడానికి ఇంకా చాలా సేపుంది. ఆమె లోపలికెళ్ళాక చూద్దును కదా, డబ్బా నోట్లో కవరు మూల ఒకటి తెల్లగా కనిపిస్తోంది. వానకి తడిసిన రేకుకి అంటుకుని జారలేదు.

లోపలికి తోసేద్దామనే వెళ్ళాను. ఈ మాట నిజం. కాని ముందు బయటికి లాగాను. తిరగేసి చూస్తే విశాఖపట్నం అడ్రసు, ఒక మగవాడి పేరు.

దాన్ని పరికిణీ మడతలో పెట్టుకుని ఇంట్లోకి వచ్చేశాను.

అమ్మ పెరట్లో ఉంది. పొయ్యి మీద నీళ్ళు మరుగుతున్నాయి. ఆవిరి పట్టిస్తే అంటించిన కాగితం ఊడుతుందని ఎవరు చెప్పారో గుర్తులేదు గాని, ఊడింది. చిరగలేదు. చదివి, మళ్ళీ అన్నం మెతుకులతో అంటించి, టపా మావ వచ్చేలోగా డబ్బాలో పడేయాలన్నది నా ఆలోచన.

లోపల ప్రేమ లేదు. నింపిన ఫారం ఒకటి, సర్టిఫికెట్ల నకళ్ళు, ఒక చిన్న చీటీ. "అన్నయ్యా, ఇది టీచరు ట్రైనింగు ఫారం. శనివారంలోగా నువ్వే స్వయంగా ఆఫీసులో ఇవ్వాలి. ఈ సీటు రాకపోతే ఇక్కడి ఉద్యోగం కూడా ఉండదు. మరచిపోకు." అంతే. నాకు సిగ్గుకన్నా ముందు నిరాశ వచ్చింది. అది చెప్పుకోడానికి ఇప్పటికీ బాగుండదు.

అంతలో వీధిలోంచి నాన్న గొంతు వినిపించింది, గుమస్తా పనినుంచి అప్పుడే వచ్చినట్టున్నాడు. మాడుగులలో మా అమ్మమ్మకి ఒంట్లో బాగులేదని కబురొచ్చింది, ఉన్న బస్సుకి బయల్దేరాలి. అమ్మ పరుగున లోపలికొచ్చింది. నేను అన్నీ కవరులో దూర్చేసి, కవరు సాంఘికశాస్త్రం పుస్తకంలో పెట్టేశాను. ఆ హడావుడిలో అంటించడానికి వీలు పడలేదు. పుస్తకం ఇంట్లో వదిలితే ఎవరైనా తెరుస్తారని సంచిలో వేసుకున్నాను.

అమ్మమ్మకి రెండు రోజుల్లో నెమ్మదించింది. అయినా మేం ఎనిమిది రోజులున్నాం. ఆ ఎనిమిది రోజులూ నేను దిగులుతో చిక్కిపోయానని రాయాలనుంది. అలా జరగలేదు. మామయ్య హల్వా తెచ్చాడు, తిన్నాను. పిల్లలతో ఆడాను. మధ్య మధ్యలో మాత్రం సంచిలో పుస్తకం ఉందో లేదో చూసుకునేదాన్ని.

గురువారంనాడు కవరు అంటించి, ఓణీ కింద పెట్టుకుని, మాడుగుల పోస్టు డబ్బా దగ్గరికి వెళ్ళాను. అప్పుడు వేసుంటే శుక్రవారానికి, మహా అయితే శనివారం పొద్దుటికి విశాఖపట్నం చేరును. ఆమె పని అయిపోయేది. డబ్బా నోటి దాకా చెయ్యి పెట్టాను. అప్పుడు టపా మావ చెప్పిన మాట గుర్తొచ్చింది. ముద్రలో ఊరి పేరు ఉంటుంది. చోడవరంలో వేసిన ఉత్తరం మీద మాడుగుల ముద్ర పడితే, ఆ వారం మాడుగుల వెళ్ళింది ఎవరో మా వీధిలో అందరికీ తెలుసు.

చెయ్యి వెనక్కి తీసుకున్నాను.

సోమవారం చేసింది చిన్నపిల్ల కొంటెతనం అని నన్ను నేను ఎన్నోసార్లు క్షమించుకోగలిగాను. గురువారంనాటిది అలా కాదు. ఆలోచించి చేసిన పని. ఆమె సీటు ఒకవైపు, నాకు పడబోయే దెబ్బలు ఒకవైపు పెట్టుకుని చూసి, ఆమె సీటు వదిలేశాను.

చోడవరం తిరిగొచ్చిన సాయంత్రమే కవరు మా వీధి డబ్బాలో వేశాను. లోపలికి జారిన చప్పుడు వినేదాకా అక్కడే నిలబడ్డాను. కాసేపటికి టపా మావ వచ్చాడు.

"ఏటే గుంటా, ఇన్నాల్లు కనపడ్నేదు? నా పలకలు నేనే మార్సుకున్నాను," అని నవ్వి పలక చేతికిచ్చాడు. మార్చాను.

పది రోజుల తరవాత టీచరమ్మ మా ఇంటికొచ్చి నాన్నతో మాట్లాడింది. ఆమె అన్నయ్య ఆ కవరు తిప్పి పంపించాడు. చోడవరం ముద్ర, దాని మీద తేదీ. ఆమె వేసిన రోజుకి తొమ్మిది రోజుల తరవాతిది. "నేను సోమవారం నా చేత్తో వేశానండి. మీ అమ్మాయి అరుగు మీదే ఉంది, చూసింది," అంది. ఆమె ఏడవలేదు. కవరుని మాత్రం మాటిమాటికీ తిప్పుతూ కూర్చుంది.

నేను గుమ్మంలో నిలబడి, "అవును నాన్నా, చూశాను," అన్నాను. ఆ ఒక్క నిజం చెప్పడం నాకు తేలికే అయింది.

అంటే కవరు తొమ్మిది రోజులు డబ్బాలోనే ఉండిపోయిందన్నమాట. అంటే టపా మావ తలుపు తీయకుండా పైన పలకలు మార్చి వెళ్ళిపోతున్నాడన్నమాట. ఎవరైనా అలాగే అనుకుంటారు. నాన్న కూడా అలాగే అనుకున్నాడు. టీచరమ్మ పోస్టాఫీసు పైవాళ్ళకి అర్జీ రాసింది.

ఇనస్పెక్టరు వచ్చాడు. పెద్దమనిషి, ఎవరినీ కసరలేదు. మా అరుగు మీదే కూర్చున్నాడు. డబ్బా తలుపు తీయించి, ఒక లావు కవరు తడిపి, మళ్ళీ మళ్ళీ వేయించి చూశాడు. ఒకసారి అది లోపలి రేకు దగ్గర ఆగిపోయింది. టపా మావ మొహం అప్పుడు మారింది. అంతవరకు, "నాను రోజూ తీస్తన్నాను బాబూ, ఒక్క పూటా మాననేదు," అంటూ వచ్చిన మనిషి ఆగిపోయాడు.

"అలగ్గానీ ఇరుక్కుందేమో బాబూ. నాను కిందన సూసేనుగానీ, పైకి చెయ్యెట్టి తడమనేదు," అన్నాడు.

"తొమ్మిది రోజులయ్యా. ఒక్కసారైనా తడమవా?"

"తడమనేదు బాబూ. నా తప్పే."

చేయని తప్పు ఆయన వెతికి వెతికి తన దగ్గరే కనిపెట్టుకున్నాడు. నేను రెండు గజాల దూరంలో ఉన్నాను.

ఇనస్పెక్టరు నన్ను పిలిచాడు. "అమ్మాయీ, నువ్వు ఎప్పుడూ ఇక్కడే ఉంటావట. ఈయన తలుపు తీయకుండా పలక మార్చి వెళ్ళిపోవడం ఎప్పుడైనా చూశావా?"

టపా మావ నా వైపు చూశాడు. ఆయన కళ్ళలో భయం లేదు. రోజూ సాయంత్రం ఆయన వంగి తలుపు తీస్తుంటే పక్కన నిలబడి పలక మార్చింది నేనే. ఆ మాట ఆయన ఇనస్పెక్టరుతో అనలేదు. నన్ను ఇందులోకి లాగడం ఇష్టం లేక అనలేదో, పలక నా చేతికివ్వడం తప్పని అనలేదో నాకు తెలియదు. నేనే అంటానని మాత్రం ఎదురు చూశాడు.

"నాకు తెలీదండి. నేను స్కూలుకెళ్ళిపోతాను," అన్నాను.

డబ్బాలు తీసే పని ఆయనకి పోయింది. చీడికాడ అవతల, కొండవార ఊళ్ళకి కాలినడకన సంచి మోసే పని ఇచ్చారు. మా వీధికి ఇంకొకాయన వచ్చేవాడు. అరుగు మీద కూర్చునేవాడు కాదు. పలక నేను అడగలేదు, ఆయనా ఇవ్వలేదు.

టీచరమ్మ ఉద్యోగం ఆ ఏడు ఎలాగో నిలిచింది, మరుసటి ఏడు సీటొచ్చింది. ట్రైనింగై మంచి ఉద్యోగంలో చేరింది. ట్రైనింగుకి వెళ్ళేముందు మా ఇంటికి భోజనానికొచ్చి, "ఒక ఏడు పోయింది, పోతేనేం," అంది నాతో. నా తల నిమిరింది కూడా. ఆమెకి నేను ఎప్పుడూ చెప్పలేదు. ఆమెకి పోయింది ఒక ఏడే కదా అని సర్దిచెప్పుకున్నాను. లేదంటే, ఎలాగూ ఇరుక్కున్న కవరే కదా, నేను తీయకపోయినా అక్కడే ఉండునేమో అనుకునేదాన్ని. ఆ ఆలోచనతో కొన్ని ఏళ్ళు గడిపేశాను. కాని ఆ రోజు నేను వేలితో ఒక్క తోపు తోసుంటే పడిపోయేది.

ఏడేళ్ళయింది. నేను విశాఖపట్నంలో ఉద్యోగంలో చేరాను. సెలవుకి ఇంటికొచ్చి, చోడవరం బస్టాండులో దిగినప్పుడు, టీ దుకాణం దగ్గర ఎవరో కేకేయడం వినిపించింది.

"ఓ పలకలు మార్సీ మావా, బస్సు ఎల్లిపోతంది, బేగి రా."

తిరిగి చూస్తే టపా మావ. జుట్టంతా నెరిసిపోయింది. ఎడమ కాలు ఈడుస్తున్నాడు. తనని పిలిచినవాళ్ళతోపాటు తనూ నవ్వుతూ బస్సెక్కాడు. రావికమతం వైపు వెళ్ళే బస్సు అది. తలుపు తీయకుండా పలకలు మాత్రం మార్చేవాడనే ఆ పేరు ఆయన్ని ఏడేళ్ళుగా అంటిపెట్టుకుని ఉందని నాకప్పుడే తెలిసింది.

రెండు రోజులు ఇంట్లో స్థిమితంగా ఉండలేకపోయాను. మూడో రోజు అదే బస్సెక్కి, వాకబు చేసుకుంటూ ఆయన ఊరు వెళ్ళాను. చెరుకు నరుకుతున్న కాలం. బళ్ళు అడ్డొచ్చి బస్సు ఆగి ఆగి వెళ్ళింది. ఆయన పాక ముందు మంచం మీద కూర్చుని కాలికి ఆముదం రాసుకుంటున్నాడు. నన్ను గుర్తుపట్టడానికి కొంచెం సేపు పట్టింది. భార్యని పిలిచి, "గుమస్తాబాబు కూతురే," అని చెప్పి, మంచం మీద కూర్చోమన్నాడు.

నేను కూర్చోలేదు. నిలబడే మొత్తం చెప్పేశాను. పరికిణీ మడత, పొయ్యి దగ్గర ఆవిరి, మాడుగుల డబ్బా, చోడవరంలో మళ్ళీ వేయడం.

ఆయన కాలికి ఆముదం రాయడం ఆపాడు. తరవాత అడిగిన మొదటి మాట ఇది. "అయితే ఆ తొమ్మిది రోజులూ అది డబ్బాలో నేదా?"

"లేదు మావా."

"నేదు," అన్నాడు మళ్ళీ, తనలో తను. "నాను తడమనేదని... తడిమినా దొరకదు." ఏడేళ్ళుగా ఆయన ఆ డబ్బాలో చెయ్యి పెట్టి తడుముతూనే ఉన్నాడని నాకర్థమైంది.

ఆయన భార్య గుమ్మంలో నిలబడి అంతా విన్నది. ఆమె గొంతు పెంచలేదు. "అప్పుడే సెప్పుంటే నీకు రెండు దెబ్బలు పడును. అంతేగదమ్మా. ఈ మనిసి ఆరేల్లు కొండలంట తిరిగేడు. ఆ కాలు సూడు," అంది.

"ఊరుకోయే," అన్నాడాయన.

"నానెందుకూరుకోవాల?" అని ఆమె లోపలికెళ్ళిపోయింది. మంచినీళ్ళు ఇవ్వలేదు. ఇవ్వనందుకు నాకు కొంచెం ఊరటగా కూడా అనిపించింది.

పై అధికారులకి కాగితం రాసిస్తానన్నాను. ఆయన చెయ్యూపాడు. "పని మానీసి ఏడాదయింది. ఇప్పుడు కాయితం ఎందుకు?" మంచం మీంచి లేచి, "ఓపాలి టీ కొట్టు దాకా వస్తావేటమ్మా?" అన్నాడు.

వెళ్ళాం. బల్ల మీద ఐదారుగురు కూర్చుని ఉన్నారు. ఆయన చొక్కా సవరించుకుని, "ఈయమ్మ సోడవరం గుమస్తాబాబు కూతురు. ఆ ఉత్తరం సంగతి ఓ మాట సెప్తాదట. ఇనండి," అన్నాడు.

అందరూ నా వైపు తిరిగారు. ఒకాయన నేను ఆడపిల్లనని లేచి చోటిచ్చాడు.

"ఆ ఉత్తరం విషయంలో తప్పు ఈయనది కాదండి," అన్నాను. "ఎవరో డబ్బాలోంచి తీసేశారు. తరవాత తెచ్చి వేశారు."

"ఎవులమ్మా తీసింది?"

బస్సు ప్రయాణమంతా, పాక ముందు నిలబడినంతసేపూ నాకున్న ధైర్యం ఆ ఒక్క ప్రశ్నకి ఎక్కడికి పోయిందో తెలియదు.

"వీధిలో పిల్లలెవరో," అన్నాను.

టపా మావ నన్ను చూడలేదు. చేతిలో టీ గ్లాసుని చూస్తూ ఉండిపోయాడు. ఒకాయన, "పిల్లలు కోతులే గదా," అని నవ్వాడు. ఇంకొకాయనకి అసలు ఆ ఉత్తరం గొడవ ఏమిటో గుర్తే లేదు. మాట చెరుకు మీదికి మళ్ళిపోయింది.

బస్సు దాకా వచ్చి ఎక్కించాడు. "జాగర్తగా ఎల్లమ్మా. బాబుని అడిగేనని సెప్పు," అన్నాడు. ఇంకొక్క మాట అనలేదు. అని ఉంటే బాగుండును.

విశాఖపట్నం వెళ్ళిన రోజునే ఆయనకి ఉత్తరం రాశాను. మొదట కవరు తీశాను. తరవాత దాన్ని పక్కనపెట్టి కార్డు తీసుకున్నాను. కార్డయితే సంచిలో వేసే ఆయన చదువుతాడు, ముద్ర కొట్టే ఆయన చదువుతాడు, ఊళ్ళో పంచే ఆయన చదివి గాని ఇవ్వడు. పెద్ద అక్షరాలతో రాశాను. ఆ కవరు డబ్బాలోంచి తీసినది నేనే. తొమ్మిది రోజులు దాచింది నేనే. ఇనస్పెక్టరుగారి ముందు తెలిసీ చెప్పనిది నేనే. మీ ఊళ్ళో టీ కొట్టు దగ్గర వీధి పిల్లలని చెప్పింది కూడా అబద్ధం. కింద నా పేరు, మా నాన్న పేరు, మా వీధి పేరు రాశాను.

జవాబు రాలేదు. ఆయనకి రాయడం రాదని తెలిసీ ఎదురు చూశాను.

ఆ ఏడు చివర్లో చోడవరం సంతలో ఆయన భార్య కనిపించింది. తప్పించుకుందామనుకున్నాను. ఆమే నన్ను చూసి ఆగింది. కుశలమేమీ అడగలేదు.

"నీ కార్డు ఊరంతటికీ సదివించేడమ్మా. ఒకసారి సదివినోడిసేతే మల్లీ సదివిస్తాడు. సొక్కా జేబులోనే ఎట్టుకు తిరగతన్నాడు. మొన్న వానకి తడిసి అచ్చరాలన్నీ అలికీసినట్టయిపోయేయి," అంది. బుట్ట ఆ చంకనించి ఈ చంకకి మార్చుకుని, "ఇంకోటి రాసి పంపు," అని, నా జవాబు కోసం చూడకుండా వెళ్ళిపోయింది.

ఆ సాయంత్రం కార్డు ముందేసుకుని కూర్చున్నాను. మొదటిసారి కోపం మీద, ఏడుపు మీద, చెయ్యి ఆగకుండా రాసేశాను. ఈసారి ఒక్కొక్క మాటా తెలిసి రాయాల్సొచ్చింది. మూడు కార్డులు పాడుచేసి, నాలుగోది వేశాను.